స్థానిక పన్ను నోటీసులో మొదట చూడవలసిన అంకె

నగరంలో ఇల్లున్నవారికీ, చిన్న దుకాణమో పనిశాలో నడుపుకునేవారికీ ఏటా స్థానిక సంస్థ నుంచి పన్ను నోటీసు వస్తుంది. చాలామంది చూపు నేరుగా అట్టడుగున ఉన్న మొత్తం మీదికి వెళుతుంది; పోయిన ఏటి అంకెతో పోల్చుకుని, గడువులోగా కట్టేసి, ఆ కాగితాన్ని పక్కన పెడతారు. అయితే ఆ మొత్తం ఒకే నిర్ణయం వల్ల వచ్చినది కాదు. ఆస్తి విలువ ఇంత అని అధికారులు కట్టిన లెక్క ఒకటి, ఆ విలువ మీద ఇంత శాతం వసూలు చేయాలని పాలకవర్గం చేసిన తీర్మానం మరొకటి. ఈ రెండింటినీ హెచ్చవేస్తే వచ్చేదే చివరి అంకె. మొదటిది మదింపు, రెండోది రేటు. రేటు మారినప్పుడు సభలో చర్చ జరుగుతుంది, పత్రికల్లో వార్త వస్తుంది, ప్రతిపక్షం నిలదీస్తుంది. మదింపు మాత్రం కార్యాలయంలో, రికార్డుల మధ్య, ఎవరి దృష్టికీ రాకుండా జరిగిపోతుంది. స్థానిక పన్నుల చరిత్రను పరిశీలిస్తే పెద్ద అన్యాయాలూ పెద్ద తగాదాలూ ఎక్కువగా మదింపు దగ్గరే పుట్టాయని తెలుస్తుంది. అందువల్ల నోటీసు చేతికి రాగానే ముందు చూడవలసినది ఆస్తికి కట్టిన విలువ.

స్థానిక సంస్థలు భూమినీ భవనాలనూ ఎందుకు పట్టుకుని ఉంటాయన్న ప్రశ్నకు సమాధానం సులభమే. ఆదాయం, లాభం, సరుకు నగర సరిహద్దు దాటి వెళ్లగలవు, నేల వెళ్లలేదు. మనుషులు తమకు నచ్చిన పన్నులూ సేవలూ ఉన్న ఊరిని ఎంచుకుని తరలిపోతారనీ, ఆ తరలింపే ఒక రకమైన ఓటు అనీ అమెరికన్ ఆర్థికవేత్త చార్ల్స్ టీబౌట్ 1956లో వాదించాడు. ఆ వాదన నూటికి నూరుపాళ్లు నిజం కాకపోయినా, చిన్న పరిధిలో పన్ను వేసేవారు కదలని వస్తువును ఎందుకు కోరుకుంటారో దానివల్ల అర్థమవుతుంది. రోడ్లు, మురుగు కాలువలు, వీధి దీపాలు, చెత్త తరలింపు వంటి సేవల ప్రయోజనం కూడా చివరకు ఆ నేల విలువలోనే చేరుతుంది. దీనికి మినహాయింపులు లేకపోలేదు. స్వీడన్‌లో మునిసిపాలిటీలూ ప్రాంతీయ మండళ్లూ ప్రధానంగా వ్యక్తుల ఆదాయం మీదనే ఆధారపడతాయి. ఆ రెండింటి రేటు కలిపితే సగటున 32 శాతం దాకా ఉంటుంది. అమెరికాలోని ఫిలడెల్ఫియా నగరం జీతాల మీద పన్ను వేస్తుంది. ఊరి బయట నివసిస్తూ నగరంలో పనిచేసేవారు కూడా దాన్ని చెల్లించాలి. ఇటువంటివి ఉన్నా, ప్రపంచంలో ఎక్కువ నగరాల్లో సగటు నివాసికి స్థానిక పన్ను అంటే ఆస్తి పన్నే.

ఆస్తిని దేనితో కొలవాలన్నది తేలికైన విషయంగా కనిపిస్తుంది కానీ కొలమానం మారితే మనుషుల ప్రవర్తన కూడా మారుతుంది. ఇంగ్లండ్‌లో 1696లో కిటికీల సంఖ్యను బట్టి ఇంటి పన్ను వేశారు. పెద్ద ఇంటికి ఎక్కువ కిటికీలుంటాయి, వాటిని బయటి నుంచే లెక్కించవచ్చు, లోపలికి వెళ్లి ఎవరినీ ఇబ్బంది పెట్టనవసరం లేదు అన్నది అప్పటి ఆలోచన. ప్రజలు కిటికీలను ఇటుకలతో మూసేశారు. అద్దె ఇళ్లలో గాలీ వెలుతురూ లేక పేదల ఆరోగ్యం దెబ్బతిన్నదని వైద్యులు మొత్తుకున్న తరువాత, ఒకటిన్నర శతాబ్దం గడిచాక, 1851లో దాన్ని రద్దు చేశారు. సులభంగా లెక్కపెట్టగలిగిన వస్తువు న్యాయమైన కొలమానం కాకపోవచ్చునని చెప్పడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు.

ఇప్పుడు వాడుకలో ఉన్న కొలమానాలు ప్రధానంగా మూడు. ఆస్తిని అద్దెకిస్తే ఏడాదికి ఎంత వస్తుందన్నది ఒకటి. దీన్ని వార్షిక అద్దె విలువ అంటారు. అమ్మితే ఎంత వస్తుందన్నది రెండోది. ఇది మూలధన విలువ. కట్టడం విస్తీర్ణాన్ని కొలిచి, ప్రాంతాన్ని బట్టీ కట్టడం తీరును బట్టీ చదరపు గజానికో అడుగుకో ఇంత అని లెక్క కట్టడం మూడోది. మొదటి రెండింటికీ నమ్మదగిన అద్దె, అమ్మకపు సమాచారం కావాలి. ఒప్పందాల్లో అసలు మొత్తం రాయని అలవాటు ఉన్నచోట అది దొరకదు. అటువంటి నగరాలకు మూడో పద్ధతి ఆసరా అవుతుంది. భారతదేశంలో పాట్నా 1993లోనూ, ఢిల్లీ 2004లోనూ విస్తీర్ణం ఆధారంగా లెక్కించే పద్ధతికి మారాయి. దీనివల్ల మదింపు అధికారి ఇష్టాయిష్టాలకు చోటు తగ్గి, ఇంటి యజమాని తన పన్నును తానే లెక్క వేసుకోగలిగే వీలు ఏర్పడింది. సియెర్రా లియోన్ రాజధాని ఫ్రీటౌన్ 2020లో మరో అడుగు ముందుకు వేసింది. ఉపగ్రహ చిత్రాల సాయంతో కట్టడాలన్నింటినీ గుర్తించి, విస్తీర్ణం, పైకప్పు, గోడలు, ఉన్న ప్రాంతం వంటి బయటికి కనిపించే లక్షణాలకు పాయింట్లు వేసి విలువ కట్టారు. జాబితాలోని ఆస్తుల సంఖ్య రెట్టింపు దాటింది. అంతవరకూ జాబితాలో లేనివారు ఏమీ కట్టకుండా ఉండగా, ఉన్నవారే నగరం భారాన్ని మోశారన్నమాట. మదింపులో విలువ ఎంత అన్న ప్రశ్న కంటే ముందుగా, జాబితాలో ఎవరున్నారు, ఎవరు లేరు అన్న ప్రశ్న వేయవలసి ఉంటుంది; చాలా నగరాల్లో అసలు నష్టం అక్కడే ఉంది.

ఆస్తిని వదిలేసి మనిషినే కొలమానంగా తీసుకుంటే ఏమవుతుందో బ్రిటన్ అనుభవించింది. అద్దె విలువ మీద వేసే పాత ఇంటి పన్నును తొలగించి, వయోజనులందరికీ తలకింత అనే పన్నును స్కాట్లండ్‌లో 1989లో, ఇంగ్లండ్, వేల్స్‌లో 1990లో ప్రవేశపెట్టారు. పేదలకు కొంత రాయితీ ఉన్నప్పటికీ, భవంతిలో ఉండే ధనికుడూ చిన్న ఇంట్లో ఉండే కార్మికుడూ ఒకే మొత్తం కట్టవలసి వచ్చింది. 1990 మార్చి 31న లండన్ నడిబొడ్డున నిరసన ప్రదర్శన అల్లర్లుగా మారింది. అదే ఏడాది నవంబరులో మార్గరెట్ థాచర్ ప్రధాని పదవి నుంచి తప్పుకోవడానికి ఉన్న కారణాల్లో ఈ పన్ను ఒకటి. 1993 ఏప్రిల్ నుంచి దాని స్థానంలో కౌన్సిల్ పన్ను వచ్చింది.

ఆ కౌన్సిల్ పన్ను మదింపులోని రెండో పెద్ద సమస్యకు, అంటే పాతబడిన విలువలకు, ఉదాహరణగా నిలిచింది. ఇంగ్లండ్‌లో ప్రతి ఇంటినీ 1991 ఏప్రిల్ 1 నాటి ధరను బట్టి ఎనిమిది తరగతుల్లో ఒకదానిలో చేర్చారు. ఆ తేదీన 40,000 పౌండ్ల లోపు విలువ చేసే ఇల్లు అట్టడుగు తరగతి, 3,20,000 పౌండ్లు దాటినది పై తరగతి. పై తరగతి పన్ను అట్టడుగు తరగతి పన్నుకు మూడు రెట్లు మాత్రమే. అంటే ఎనిమిది రెట్లకు మించి విలువ ఉన్న ఇల్లు మూడు రెట్ల పన్నుతో సరిపెట్టుకుంటుంది. ఆ తరువాత కొన్ని ప్రాంతాల్లో ధరలు ఎన్నో రెట్లు పెరిగి, మరికొన్ని చోట్ల అంతగా పెరగకపోయినా తరగతులు 1991 దగ్గరే ఆగిపోయాయి. వేల్స్ మాత్రం 2003 నాటి విలువలకు మారింది. ఫ్రాన్స్‌లో ఇళ్ల మీద వేసే పన్నుకు నేటికీ ఆధారం 1970లో కట్టిన అద్దె విలువలే. ఏటా ఒక గుణకంతో పెంచుకుంటూ పోవడం తప్ప ఒక్కో ఇంటినీ మళ్లీ కొలిచింది లేదు. జర్మనీలో పశ్చిమ రాష్ట్రాలకు 1964 నాటివీ, తూర్పు రాష్ట్రాలకు 1935 నాటివీ విలువలు దశాబ్దాల పాటు కొనసాగాయి. సమాన ఆస్తులకు సమాన పన్ను అన్న సూత్రం దీనివల్ల దెబ్బతింటున్నదని ఆ దేశ రాజ్యాంగ న్యాయస్థానం 2018 ఏప్రిల్ 10న తీర్పు ఇవ్వగా, 2025 నుంచి కొత్త విలువల మీద పన్ను మొదలైంది.

ప్రభుత్వాలు తిరిగి మదింపు చేయడానికి ఎందుకు జంకుతాయన్నది గమనించదగిన విషయం. విలువలు నవీకరిస్తే కొందరి పన్ను పెరుగుతుంది, కొందరిది తగ్గుతుంది. పెరిగినవారు వీధికెక్కుతారు, తగ్గినవారు మౌనంగా ఉంటారు. అందువల్ల వాయిదా వేయడమే పాలకులకు క్షేమంగా కనిపిస్తుంది. కానీ వాయిదా వేసిన ప్రతి ఏడూ ధరలు పెరగని ప్రాంతాల వారు, అంటే సాధారణంగా తక్కువ ఆదాయం ఉన్నవారు, ధరలు పెరిగిన ప్రాంతాల వారి వంతు కూడా తామే కడుతూ పోతారు. పన్ను పెంచకుండా ఉండడం దయగా కనిపించవచ్చు, కానీ మదింపును ఆపడం ఒకరి భారాన్ని మరొకరి నెత్తిన పెట్టడమే.

కాలిఫోర్నియాలో ఈ ఆపడాన్ని చట్టంగానే రాసుకున్నారు. ఇళ్ల ధరలు వేగంగా పెరిగి పన్నులు భరించలేని స్థితిలో ఓటర్లు 1978 జూన్‌లో పదమూడో ప్రతిపాదనను ఆమోదించారు. దాని ప్రకారం ఆస్తి పన్ను మదింపు విలువలో 1 శాతం మించకూడదు. మదింపు విలువ ఏటా 2 శాతానికి మించి పెరగకూడదు. ఆస్తి చేతులు మారినప్పుడే అసలు మార్కెట్ విలువకు చేరుతుంది. ముసలితనంలో ఇల్లు వదులుకోవలసి వస్తుందేమోనన్న భయం చాలామందికి తీరింది, ఆ మేలు కాదనలేనిది. అయితే ఒకే వీధిలో, ఒకే రకం ఇళ్లలో, ముప్పై ఏళ్ల క్రితం కొన్నవారికీ నిరుడు కొన్నవారికీ మధ్య పన్నులో అనేక రెట్ల తేడా ఏర్పడింది. 1992లో అమెరికా సుప్రీంకోర్టు ఈ తేడా రాజ్యాంగానికి విరుద్ధం కాదని చెప్పింది. వ్యాపార భవనాలకూ ఇదే వర్తించడం వల్ల, పాత స్థలాల్లో స్థిరపడిన సంస్థలకు కొత్తగా స్థలం కొని దుకాణం తెరిచేవారి మీద శాశ్వతమైన ఆధిక్యం దక్కింది. చిన్న వ్యాపారానికి నిజంగా నష్టం చేసిన అంశం ఇదే అయినా దాని మీద చర్చ తక్కువగా జరిగింది.

క్రమం తప్పకుండా మదింపు జరుగుతున్నచోట కూడా అది సరిగ్గా జరుగుతున్నదన్న హామీ లేదు. షికాగో ట్రిబ్యూన్ పత్రిక 2017లో ప్రచురించిన పరిశోధన, ఆ నగరం ఉన్న కుక్ కౌంటీలో (కౌంటీ అంటే మన జిల్లా వంటిది) చౌక ఇళ్లకు వాటి అమ్మకపు ధరతో పోలిస్తే ఎక్కువ విలువ, ఖరీదైన ఇళ్లకు తక్కువ విలువ కడుతున్నారని బయటపెట్టింది. అప్పీలు చేసుకునే హక్కు అందరికీ ఉన్నా దాన్ని ఎక్కువగా వాడుకున్నది సంపన్న ప్రాంతాల వారే. న్యాయవాదిని పెట్టుకోగలిగినవారి విలువ తగ్గి, ఆ తగ్గిన భారం మిగతావారి మీద పడింది. మరుసటి ఏడాది పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ప్రాథమిక ఎన్నికలో అక్కడి మదింపు అధికారి ఓడిపోయాడు. మిషిగన్ రాష్ట్రంలోని డెట్రాయిట్ నగరంలో పరిస్థితి మరింత దారుణం. ఆ రాష్ట్ర రాజ్యాంగం మదింపు విలువ మార్కెట్ విలువలో సగానికి మించరాదని స్పష్టంగా చెబుతున్నది. 2008 ఆర్థిక సంక్షోభం తరువాత ఇళ్ల ధరలు కుప్పకూలినా పాత అంకెలు అలాగే కొనసాగడంతో, చట్టం అనుమతించినదానికంటే ఎక్కువ పన్ను పడి, అది కట్టలేక వేల కుటుంబాలు ఇళ్లు పోగొట్టుకున్నాయి. నగరమంతటా ఇంటింటి మదింపు 2017 నాటికి గానీ పూర్తి కాలేదు. ఆ కుటుంబాల నోటీసుల్లో రేటు సక్రమమే. తప్పంతా విలువ గడిలో ఉంది.

ఇక్కడ ఒక సాధారణ అపోహను తొలగించుకోవాలి. విలువ పెరిగినంత మాత్రాన పన్ను పెరగాలని లేదు. నగరానికి ఏడాదికి కావలసిన మొత్తం ఒకటే అయి, అన్ని ఆస్తుల విలువా సమానంగా రెట్టింపయితే, రేటును సగానికి తగ్గించినప్పుడు ఎవరి పన్నూ మారదు. ఒక ఇంటి విలువ రెట్టింపు కాగా నగర సగటు మూడు రెట్లయిందనుకుంటే, రేటు మూడో వంతుకు తగ్గి ఆ ఇంటి పన్ను నిజానికి మూడో వంతు తగ్గాలి. అంటే సొంత విలువ పెరుగుదలను నగర సగటు పెరుగుదలతో పోల్చి చూసినప్పుడే నోటీసు అర్థమవుతుంది. పాలకులు రేటును ముట్టుకోకుండా, పన్ను పెంచలేదని ప్రకటిస్తూనే, విలువల పెరుగుదల ద్వారా ఎక్కువ వసూలు చేసుకోవడం తేలిక. ఈ దారిని మూయడానికి అమెరికాలోని యూటా రాష్ట్రం 1985లో ఒక చట్టం చేసింది. విలువలు పెరిగితే పాత రాబడికి సరిపోయేలా రేటు దానంతటదే దిగుతుంది. అంతకుమించి కావాలంటే స్థానిక సంస్థ బహిరంగంగా ప్రకటించి, ప్రజల ఎదుట విచారణ జరిపి ఓటు వేయాలి. పన్ను పెంపును ఇది నిషేధించదు, దాచకుండా చేస్తుంది. ఇంత సరళమైన నిబంధన ఎక్కువ చోట్ల లేకపోవడం విచారకరం.

భవనాన్ని వదిలి నేల మీద మాత్రమే పన్ను వేయాలన్న వాదన పందొమ్మిదో శతాబ్దంలో అమెరికన్ ఆర్థిక రచయిత హెన్రీ జార్జ్‌తో బలపడింది. ఇల్లు బాగుచేసుకున్నవారిని శిక్షించకుండా, ఖాళీ స్థలాన్ని అట్టిపెట్టుకున్నవారిని కదిలిస్తుందన్నది దాని బలం. ఎస్టోనియా ఈ పద్ధతినే పాటిస్తున్నది. అమెరికాలోని పిట్స్‌బర్గ్ నగరం 1913లో మొదలుపెట్టి నేలకు ఎక్కువ, భవనానికి తక్కువ రేటు వేసింది. 2001లో కొత్త మదింపు నేల విలువలను ఒక్కసారిగా పెంచి గగ్గోలు రేగడంతో ఆ విధానాన్ని వదిలేసింది. దాదాపు తొంభై ఏళ్లు నిలిచిన పద్ధతిని కూలదోసినదీ మదింపే.

చిన్న వ్యాపారం విషయానికి వస్తే, దాని మీద స్థానిక పన్ను పడే దారులు ఇంటికంటే ఎక్కువ. దుకాణం ఉన్న స్థలం, లోపలి యంత్రాలు, మొత్తం అమ్మకాలు, లాభం, వ్యాపారం చేసే అనుమతి, పనివారి జీతాలు, ఇవన్నీ ఎక్కడో ఒకచోట పన్నుకు ఆధారాలయ్యాయి. వీటిలో ఏ ఆధారం మీద పన్ను పడుతున్నదో తెలిస్తేనే గడ్డు కాలంలో అది తగ్గుతుందా లేదా అన్నది తెలుస్తుంది. లాభం మీద వేసిన పన్ను నష్టం వచ్చిన ఏడాది ఉండదు. స్థలం మీద వేసినది, వ్యాపారం సాగినా సాగకపోయినా కట్టవలసిందే. బ్రిటన్‌లో వ్యాపార స్థలాల పన్నుకు ఆధారం మార్కెట్‌లో ఆ స్థలానికి రాగల ఏడాది అద్దె. 2023 దాకా అమలులో ఉన్న జాబితా 2015 ఏప్రిల్ నాటి అద్దెల ప్రకారం కట్టినది కావడంతో, ఈ మధ్యలో అద్దెలు పడిపోయిన వీధుల దుకాణదారులు లేని అద్దె మీద పన్ను కడుతూ వచ్చారు. ఇప్పుడు అక్కడ మూడేళ్లకొకసారి మదింపు జరుగుతున్నది. ఇంగ్లండ్‌లో ఒకే స్థలంలో వ్యాపారం చేస్తూ, దాని మదింపు విలువ 12,000 పౌండ్లకు మించనివారికి పన్ను పూర్తిగా మినహాయించారు. 15,000 దాకా క్రమంగా తగ్గే రాయితీ ఉంది. ఈ రాయితీకి స్థానిక కౌన్సిల్‌కు దరఖాస్తు చేసుకోవలసి ఉండగా, అర్హత ఉన్నదన్న సంగతే తెలియక పూర్తి పన్ను కట్టేవారికి అది ఉన్నా లేనట్టే.

అమ్మకాల మొత్తం మీద వేసే పన్ను బయటికి అతి చిన్నదిగా కనిపిస్తుంది. ఒక శాతమే కదా అనిపిస్తుంది. నూటికి మూడు మాత్రమే మిగిలే కిరాణా వంటి వ్యాపారంలో అమ్మకాల మీద ఒక శాతం అంటే లాభంలో మూడో వంతు. నూటికి ముప్పై మిగిలే సలహా వృత్తిలో అదే ఒక శాతం లాభంలో ముప్పయ్యో వంతు. ఒకే రేటు ఒకరిని గీరి వదిలేస్తుంది, మరొకరిని కోస్తుంది. హంగరీలో స్థానిక వ్యాపార పన్ను 2 శాతం మించకూడదు, పైగా అమ్మకాల నుంచి సరుకుల, ముడిపదార్థాల ఖర్చును తీసివేశాక మిగిలినదాని మీదే వేస్తారు. దీనివల్ల తక్కువ లాభంతో ఎక్కువ సరుకు అమ్మేవారికి ఊరట కలిగినా, జీతాల ఖర్చు మినహాయింపులో లేకపోవడంతో పనివారు ఎక్కువగా ఉన్నవారికి భారం మిగిలే ఉంది.

లాభాన్ని ఆధారంగా తీసుకున్న పద్ధతికి జర్మనీ మంచి నమూనా. అక్కడ సొంతంగానో భాగస్వాములతోనో వ్యాపారం చేసేవారికి ఏడాది లాభంలో మొదటి 24,500 యూరోల మీద పన్ను లేదు. 64,500 యూరోల లాభం వచ్చిందనుకుంటే, మిగిలిన 40,000లో 3.5 శాతం, అంటే 1,400 యూరోలు, మూల మొత్తం అవుతుంది. ఇంతవరకూ దేశమంతటికీ ఒకే లెక్క. దీన్ని ఊరు నిర్ణయించుకున్న గుణకంతో హెచ్చవేస్తారు. గుణకం 400 శాతమైతే పన్ను 5,600 యూరోలు. చట్టం ప్రకారం గుణకం 200 శాతానికి తగ్గకూడదు. పైకి ఎంతకు వెళ్లాలన్నది ఊరి ఇష్టం. ఏ భాగం దేశ చట్టానిదో, ఏ భాగం స్థానిక సభదో వ్యాపారికి స్పష్టంగా కనబడడం ఈ అమరికలోని సుగుణం. ఎవరిని నిలదీయాలో తెలుస్తుంది. అయితే లాభాలు పడిపోయిన ఏడాది ఊరి ఖజానా కూడా పడిపోతుంది, స్థలం మీద పన్ను వేసే నగరాలకు ఈ ఒడుదొడుకు అంతగా ఉండదు.

ఏటా ఇంత అని నిర్ణీత మొత్తం వసూలు చేసే పన్నులు మరో రకం. భారత రాజ్యాంగంలోని 276వ అధికరణం వృత్తులు, వ్యాపారాలు, ఉద్యోగాల మీద రాష్ట్రమో స్థానిక సంస్థో పన్ను వేయడానికి అనుమతిస్తూ, ఒక వ్యక్తి నుంచి ఏడాదికి 250 రూపాయలకు మించకూడదని మొదట పరిమితి విధించింది. 1988లో అరవయ్యో సవరణ దాన్ని 2,500 రూపాయలకు పెంచింది. ఆనాటి నుంచి అంకె మారలేదు, దాని నిజ విలువ మాత్రం ఏటా కరిగిపోతున్నది. లెక్కించడం తేలిక, ఎగవేత తక్కువ. కానీ మంచి ఆదాయం ఉన్నవారికి గుర్తు కూడా ఉండని ఆ మొత్తం చిన్న వ్యాపారికి లెక్కలోకి వస్తుంది.

పన్నుకూ రుసుముకూ ఉన్న తేడాను చిన్న వ్యాపారులు పట్టించుకోవడం మంచిది. పన్నుకు బదులుగా ఫలానా సేవ అందుతుందన్న హామీ ఉండదు. లైసెన్సు రుసుము, తనిఖీ రుసుము, నామఫలకం రుసుము వంటివి మాత్రం ఏదో ఒక సేవకో నియంత్రణకో అయ్యే ఖర్చుతో పొంతన ఉండాలన్నది చాలా దేశాల చట్టాల్లోని సూత్రం. రుసుము పేరుతో రాబడి పోగుచేసుకునే ధోరణి ఎదురైనప్పుడు ప్రశ్నించడానికి ఈ తేడాయే ఆధారం. స్వచ్ఛందంగా మొదలై చట్టబద్ధమైన అదనపు సుంకాలూ ఉన్నాయి. టొరంటోలోని బ్లూర్ వెస్ట్ విలేజ్ వ్యాపారులు 1970లో తమ వీధి అభివృద్ధికి తామే అదనంగా చెల్లించే పద్ధతిని మొదలుపెట్టగా, అది అనేక దేశాలకు పాకింది. అక్కడ వసూలైన డబ్బు ఆ వీధిలోనే ఖర్చు కావడం వల్ల కట్టేవారికి ఫలితం కనిపిస్తుంది.

కొనుగోలుదారు నుంచి వసూలు చేసే అమ్మకపు పన్ను విషయంలో వ్యాపారి పన్ను కట్టేవాడు కాడు, ప్రభుత్వం తరఫున దాన్ని పోగుచేసేవాడు. న్యూయార్క్ నగరంలో బిల్లు మీద పడే 8.875 శాతంలో రాష్ట్రానిది 4, నగరానిది 4.5, రవాణా జిల్లాది 0.375. ఈ డబ్బును గల్లా పెట్టెలో కలిపేసి సరుకు కొనుగోలుకు వాడుకుని, చెల్లింపు గడువు రాగానే చిక్కుల్లో పడిన చిన్న వ్యాపారాలు ఎన్నో. ఆ మొత్తాన్ని మొదటి రోజు నుంచే వేరే ఖాతాలో ఉంచడం తప్ప దీనికి మరో విరుగుడు లేదు.

అద్దెకుండేవారికి స్థానిక పన్నుతో సంబంధం లేదనుకోవడం పొరపాటు. నోటీసు ఎవరి పేరున వస్తుందో వారే చివరి భారం మోస్తారని లేదు. బ్రిటన్ కౌన్సిల్ పన్నును సాధారణంగా నివసించేవారే నేరుగా కడతారు. యజమాని పేరున పన్ను పడే చోట, ఇళ్ల కొరత ఉంటే అది అద్దెలో కలిసి కిరాయిదారుకు చేరుతుంది. ఖాళీ ఇళ్లు ఎక్కువగా ఉంటే యజమాని దగ్గరే ఆగుతుంది. దుకాణాల ఒప్పందాల్లో ఆస్తి పన్నును కిరాయిదారే భరించాలన్న షరతు తరచుగా ఉంటుంది. అటువంటప్పుడు మదింపు మీద అప్పీలు చేసే హక్కు యజమానికి ఉండి, చెల్లించే బాధ్యత కిరాయిదారుకు ఉంటే, అప్పీలు చేయాలన్న ఆసక్తి ఎవరికీ ఉండదు. ఒప్పందం మీద సంతకం చేసే ముందు తేల్చుకోవలసిన విషయాల్లో ఇది ముఖ్యమైనది.

బకాయి ఎంత వేగంగా పెరుగుతుందో చెప్పడానికి అమెరికాలోని మిన్నెసోటా రాష్ట్రం, హెన్నెపిన్ కౌంటీలో జరిగిన వ్యవహారం చాలు. ఒక వృద్ధురాలి ఫ్లాట్ మీద అసలు పన్ను సుమారు 2,300 డాలర్లు. వడ్డీ, జరిమానాలు, ఖర్చులు కలిసి అది 15,000 డాలర్లయింది. కౌంటీ ఆ ఫ్లాట్‌ను 40,000 డాలర్లకు అమ్మి, మిగులు 25,000 డాలర్లను కూడా తనే ఉంచుకుంది. బకాయికి మించిన సొమ్మును ప్రభుత్వం ఉంచుకోవడం చెల్లదని 2023 మే 25న సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా తీర్పు చెప్పింది. ఆస్తి పన్ను బకాయి చాలా చోట్ల మనిషిని కాక ఆస్తినే అంటిపెట్టుకుని ఉంటుంది. అందువల్ల ఇల్లో దుకాణమో కొనేవారు పాత బకాయిలు లేవన్న ధ్రువపత్రం తీసుకోవడం, కొన్న వెంటనే పన్ను రికార్డుల్లో పేరు మార్పించుకోవడం అవసరం. పేరు మారకపోతే నోటీసులు పాత యజమాని చిరునామాకే వెళుతూ ఉంటాయి, వడ్డీ మాత్రం కొత్త యజమాని ఆస్తి మీద పెరుగుతుంది.

మదింపు తప్పని అనిపించినప్పుడు పన్ను ఎక్కువగా ఉందని మొరపెట్టుకుంటే అప్పీలు నిలవదు. అప్పీలు విచారించేవారికి రేటును మార్చే అధికారం ఉండదు. వారి ముందు నిలిచేవి రెండు రకాల ఆధారాలు. ఒకటి రికార్డులోని వాస్తవ దోషం: విస్తీర్ణం ఎక్కువగా రాయడం, కూల్చేసిన గదిని ఇంకా లెక్కలో ఉంచడం, సొంత నివాసాన్ని వ్యాపార స్థలంగా చూపడం, కట్టడం వయసు తక్కువగా నమోదు చేయడం వంటివి. రెండోది పోలిక: అదే వీధిలో, అదే పరిమాణంలో ఉన్న మరో మూడు నాలుగు ఆస్తులకు కట్టిన విలువలు. మొదటిదానికి ఆస్తి మదింపు పత్రం నకలు తీసుకుని టేపుతో కొలిచి సరిచూస్తే చాలు. రెండోదానికి బహిరంగంగా ఉండే పన్ను జాబితా చూడాలి. గడువు సాధారణంగా నోటీసు అందిన తేదీ నుంచి కొద్ది వారాలే ఉంటుంది, అది దాటితే ఆ ఏటి విలువ ఖరారవుతుంది. అప్పీలు నడుస్తున్నంత మాత్రాన చెల్లింపు ఆగదన్న నిబంధన కూడా అనేక చోట్ల ఉంది. అటువంటి చోట పన్నును గడువులోగా అభ్యంతరంతో కట్టి, రసీదు ప్రతిని అప్పీలుకు జతచేస్తే, గెలిచినప్పుడు ఎక్కువ కట్టిన సొమ్ము తిరిగి వస్తుంది లేదా మరుసటి ఏటి పన్నులో సర్దుబాటవుతుంది.